మోటారు కారు కొత్తగా వచ్చిన రోజుల మూకీ హాస్యం: మనిషి కారు కింద పడితే అప్పటివాళ్లు ఎందుకు నవ్వారు?

రాజమండ్రి టీచర్ (ప్రశ్న)

అందరికీ నమస్కారం. రాజమహేంద్రవరం దగ్గర ఒక ఉన్నత పాఠశాలలో సాంఘిక శాస్త్రం చెబుతాను. రవాణా సాధనాలు వచ్చాక మనుషుల బతుకు ఎలా మారిందో చెప్పాల్సిన పాఠం ఒకటి ఉంది. పుస్తకంలోని బొమ్మలతో పిల్లలకు అది పట్టదనిపించి, ఇంగ్లండ్‌లో సెసిల్ హెప్‌వర్త్ 1900లో తీసిన రెండు మూకీ చిత్రాలను ప్రొజెక్టర్ మీద వేశాను. రెండూ కలిపినా మూడు నిమిషాలు లేవు.

మొదటిది ‘హౌ ఇట్ ఫీల్స్ టు బి రన్ ఓవర్’. కెమెరా రోడ్డు మధ్యలో ఉంటుంది. ఒక గుర్రపు బండి ఎదురుగా వచ్చి పక్కనుంచి వెళ్లిపోతుంది. అది లేపిన దుమ్ములోంచి ఒక మోటారు కారు వస్తుంది. అందులోని వాళ్లు తప్పుకోమన్నట్టు చేతులు ఊపుతూనే నేరుగా మన మీదికి వచ్చేస్తారు. తెర నల్లబడుతుంది. చుక్కల్లా ఆశ్చర్యార్థకాలు, ఆ వెంటనే ‘అమ్మ సంతోషిస్తుంది’ అనే అర్థం వచ్చే మాటలు మెరిసి మాయమవుతాయి. రెండోది ‘ఎక్స్‌ప్లోజన్ ఆఫ్ ఎ మోటార్ కార్’. అందులో కారు పేలిపోతుంది, కాసేపటికి ఆకాశం నుంచి కాళ్లూ చేతులూ పడతాయి.

పిల్లలు పగలబడి నవ్వుతారనుకున్నాను. సగం మంది నవ్వారు. మిగతావాళ్లు నవ్వలేదు. మా బడి జాతీయ రహదారి పక్కనే ఉంది. ఇంట్లో మనిషిని ఆ రోడ్డు మీదే పోగొట్టుకున్న పిల్లలు నా తరగతిలో ఉన్నారు. వాళ్లలో ఒక అమ్మాయి లేచి, “చనిపోతే నవ్వుకోవడానికి సినిమా తీశారా టీచర్?” అని అడిగింది. ఏదో ఒకటి చెప్పి దాటవేయడం నాకు ఇష్టం లేక, తెలుసుకుని చెబుతానన్నాను.

ఈ చిత్రాల గురించి బాగా తెలిసినవాళ్లు ఇక్కడ ఉన్నారని అడుగుతున్నాను. ఆ రోజుల్లో జనం నిజంగా దేన్ని చూసి నవ్వారు? ఆ తరువాత వచ్చిన మోటారు హాస్య చిత్రాల్లో ఎనిమిదో తరగతి పిల్లలకు చూపించదగినవి ఏవి? ఆ అమ్మాయికి సరైన సమాధానం చెప్పాలి.

మూకీ అభిమాని, హైదరాబాద్

టీచర్ గారూ, ఆ అమ్మాయి అడిగింది చాలా మంచి ప్రశ్న. ఆ ప్రశ్నకు జవాబు మీరు వేసిన మొదటి చిత్రంలోనే ఉంది. కెమెరా ఎక్కడ ఉందో చూడండి. కారులో లేదు, రోడ్డు పక్కన భద్రంగా కూడా లేదు. నడిచి వెళ్లే మనిషి నిలబడే చోట ఉంది. హెప్‌వర్త్ ప్రేక్షకుణ్ణి కారు కిందికి తోశాడు. చూస్తున్నవాడే దెబ్బ తిన్నాడు, అయినా కుర్చీలో క్షేమంగా ఉన్నాడు. అందుకని నవ్వాడు. ఎవరో చచ్చిపోతుంటే పక్కన నిలబడి నవ్వడం వేరు, ఇది వేరు.

ఇది సరిగా అర్థం కావాలంటే అప్పట్లో కారు ఎవరి చేతిలో ఉండేదో తెలియాలి. 1900 నాటి ఇంగ్లండ్‌లో కారు డబ్బున్నవాళ్ల సరదా. ఈ చిట్టి చిత్రాలు ఆడింది సంతల్లో వేసిన డేరాల్లో, మ్యూజిక్ హాళ్లలో. అక్కడ టికెట్టు కొని కూర్చున్న జనంలో ఎక్కువమంది జీవితంలో కారు ఎక్కి ఎరుగరు. కారు లేపిన దుమ్ము మాత్రం వాళ్లు రోజూ తిన్నారు. ఆ దుమ్ము గురించి కోడళ్ల మీద అత్తల ఫిర్యాదులంత ఫిర్యాదులు ఉండేవి. కనుక ‘ఎక్స్‌ప్లోజన్’లో చేతులూపుకుంటూ షికారు వెళ్తున్న నలుగురూ ఒక్కసారిగా పొగలో కలిసిపోతే, డేరాలో ఉన్నవాడికి దుఃఖం ఎందుకు వస్తుంది? వాడికి అది చిన్న న్యాయంలా కనిపించింది.

చట్టం కూడా అప్పుడే మారింది. 1865 నాటి బ్రిటిష్ చట్టం ప్రకారం రోడ్డు మీద యంత్రంతో నడిచే బండి ఊళ్లో గంటకు 2 మైళ్లు, ఊరి బయట 4 మైళ్లు దాటకూడదు. దాని ముందు ఒక మనిషి ఎర్ర జెండా పట్టుకుని నడవాలి. 1896లో కొత్త చట్టం వచ్చి హద్దును 14 మైళ్లకు పెంచింది, అధికారులు దాన్ని 12కి కుదించారు. ఆ సంవత్సరం నవంబరు 14న మోటారు యజమానులు లండన్ నుంచి బ్రైటన్ దాకా కార్లు నడిపి పండగ చేసుకున్నారు. ఆ పండగకు మూడు నెలల ముందు, ఆగస్టు 17న, లండన్‌లోని క్రిస్టల్ ప్యాలెస్ ఆవరణలో బ్రిడ్జెట్ డ్రిస్కాల్ అనే ఆవిడ కారు తగిలి చనిపోయింది. బ్రిటన్‌లో కారు వల్ల చనిపోయిన తొలి పాదచారి ఆవిడే. ఇలాంటిది మళ్లీ జరగకూడదని విచారణ జరిపిన అధికారి ఆశపడ్డాడు. ఈ సంఘటన పిల్లలకు తప్పక చెప్పండి. హెప్‌వర్త్ చిత్రం వచ్చేసరికి ఆ మరణానికి నాలుగేళ్లే. భయం కొత్తది. ఆ భయాన్ని జనం నవ్వుతోనే పట్టుకున్నారు.

‘ఎక్స్‌ప్లోజన్’ మళ్లీ వేసినప్పుడు పోలీసును గమనించమనండి. నా దృష్టిలో ఆ చిత్రంలో అసలు హాస్యం అతనిదే. కారు పేలిన వెంటనే ఏమీ పడదు. పోలీసు వచ్చి ఆకాశంలోకి చూస్తాడు. చాలాసేపు ఏమీ జరగదు. అప్పుడు పడుతుంది ఒక కాలు, తరువాత ఇంకొకటి. అతను కంగారు పడకుండా ఎవరి ముక్కలు వాళ్లకు సర్దే పనిలో పడతాడు. పేలుడుకూ తొలి కాలు పడటానికీ మధ్య ఆ ఎదురుచూపు ఉందే, దాన్ని అంత నిబ్బరంగా పట్టుకోవడం సినిమాకు ఐదేళ్ల వయసులోనే తెలిసిపోయింది. చేసిన పద్ధతి కూడా సులువే. కెమెరా ఆపారు, కారూ మనుషులూ పక్కకు వెళ్లారు, ఆ చోట విరిగిన సామాను, పొగ పెట్టారు, మళ్లీ తిప్పారు. పిల్లల చేత ఫోనుతో ఇదే చేయించి చూడండి. ఆ కాళ్లూ చేతులూ బొమ్మలని చేతికి తెలిశాక భయం పోతుంది.

1906 నాటి ‘ది ? మోటారిస్ట్’ కూడా వేయండి, ఆ ప్రశ్నార్థకం పేరులోనే ఉంది. రాబర్ట్ పాల్ నిర్మించాడు, వాల్టర్ బూత్ దర్శకుడు. బూత్ అంతకుముందు ఇంద్రజాలికుడు. ఒక జంట కారులో వేగంగా వెళ్తుంటే పోలీసు ఆపబోతాడు, కారు అతని మీదుగా పోతుంది. అతను లేచి వెంటపడతాడు. ముందు ఒక భవనం అడ్డొస్తుంది. కారు ఆగదు, గోడ మీదుగా నిట్టనిలువునా పైకి ఎక్కేస్తుంది. మబ్బులు దాటి, చంద్రుడి చుట్టూ తిరిగి, శని గ్రహం వలయం మీద రోడ్డు మీద పోయినట్టు పోతుంది. చివరికి జారి కింద నడుస్తున్న న్యాయస్థానం కప్పు పగలగొట్టుకుని జడ్జి ముందు పడుతుంది! అక్కడి నుంచీ తప్పించుకుంటారు. పోలీసు పట్టుకోబోయేసరికి కారు కాస్తా పల్లెటూరి వాళ్లున్న గుర్రపు బండి అయిపోతుంది, అతను పక్కకు తిరగగానే మళ్లీ కారు. ఇదంతా రెండున్నర నిమిషాల్లో.

ఈ చిత్రానికీ హెప్‌వర్త్ చిత్రానికీ మధ్య ఒక చట్టం ఉంది. 1903 మోటారు కార్ల చట్టం. 1904 జనవరి 1 నుంచి వేగం హద్దు 20 మైళ్లు, ప్రతి కారుకూ నంబరు పలక. పోలీసులు పొదల చాటున నిలబడి వేగం లెక్కపెట్టి జరిమానాలు వేసేవారు. ఎక్కడ కాపు కాశారో యజమానులకు ముందే చెప్పడానికి 1905లో ఆటోమొబైల్ అసోసియేషన్ పుట్టింది. ఇప్పుడు చూడండి, 1900లో కెమెరా నడిచేవాడి కళ్లతో చూసింది. 1906కి కారులో ఎక్కి పోలీసు నుంచి పారిపోతోంది. చూసే జనానికి ఇంకా కారు లేదు, కానీ దాని మీద ఆశ పుట్టింది. ఆ ఆశ శని గ్రహం దాకా వెళ్లింది.

ఫ్రాన్స్‌లో జార్జ్ మెలియెస్ 1905లో తీసిన పారిస్ నుంచి మోంటే కార్లో ప్రయాణం ఇంకా ఘాటైనది. బెల్జియం రాజు రెండో లియోపోల్డ్‌కు కార్ల పిచ్చి. అడ్డూ అదుపూ లేకుండా నడుపుతాడని పేరు. ఎక్స్‌ప్రెస్ రైలుకు 17 గంటలు పట్టే దూరాన్ని రెండు గంటల్లో తీసుకెళ్తానని ఒక కార్ల తయారీదారుడు రాజుకు మాట ఇస్తాడు. ఎక్కగానే కారు వెనక్కి నడిచి ఒక పోలీసును చదును చేసేస్తుంది. జనం పంపు తెచ్చి అతన్ని గాలి కొట్టి లేపబోతారు, ఎక్కువ కొట్టడంతో పేలిపోతాడు. ఆ చిత్రం తయారైంది పారిస్‌లోని ఫోలీ బెర్జేర్ అనే వినోదశాలలో రంగస్థల ప్రదర్శన కోసం. అధికారంలో ఉన్న ఒక రాజును సామాన్యుల మీదుగా బండి తోలేవాడిగా వేదిక మీద చూపించారు. ఆ రాజు సొంత ఏలుబడిలో ఉన్న ఆఫ్రికాలోని కాంగోలో అతని పేరున జరిగిన దారుణాలు అప్పటికే బయటపడుతున్నాయి. నేను ఈ చిత్రాన్ని చూసినప్పుడల్లా నవ్వుతో పాటు కోపమూ వస్తుంది. అలా రావడమే సరైనదని నా నమ్మకం.

కాబట్టి ఆ అమ్మాయికి ఇలా చెప్పండి: నవ్వింది చనిపోయినవాళ్లను చూసి కాదు, తమ మీదికి దూసుకొచ్చేవాళ్లను చూసి.

ఆటోనగర్ మెకానిక్, విజయవాడ

టీచర్ గారికి నమస్కారం. పైన పెద్దలు చెప్పిన ఇంగ్లండు చిత్రాలు నేనూ చూశాను. నాకు మాత్రం అమెరికా చిత్రాలే ఎక్కువ ఇష్టం, ఎందుకంటే అందులో కారు అసలు పని తీరు కనిపిస్తుంది. పాత బండ్లు బాగు చేయడం నా వృత్తి. హాస్యం అని మీరు నవ్వే చోట నాకు ‘నిజమే, అలాగే చేస్తుంది’ అనిపిస్తుంది.

హెన్రీ ఫోర్డ్ ‘మోడల్ టి’ కారు 1908 అక్టోబరులో అమ్మకానికి వచ్చింది. అప్పుడు ధర 850 డాలర్లు. 1925 నాటికి 260కి దిగింది. 1927లో ఆపేసేలోపు కోటిన్నర బండ్లు చేశారు. అంటే సినిమా చూడటానికి వచ్చిన రైతు, గుమాస్తా, కూలీ కూడా ఇప్పుడు కారు యజమాని. కారు కింద పడేవాడి బాధ వెనక్కి వెళ్లింది, కారు కింద దూరి మరమ్మతు చేసేవాడి బాధ ముందుకు వచ్చింది. అమెరికా హాస్యనటుడు హెరాల్డ్ లాయిడ్ 1920లో చేసిన ‘గెట్ ఔట్ అండ్ గెట్ అండర్’ మొత్తం అదే కథ.

హీరోకు తన చిన్న కారంటే ప్రాణం. నాటకం వేయడానికి సమయానికి చేరాలి. కారు దారిలో ఆగిపోతుంది. బానెట్ ఎత్తి తల పెడతాడు, తరువాత భుజాలు, తరువాత నడుము. చివరికి బూట్లు కూడా లోపలికి వెళ్లిపోతాయి, మనిషి మాయం! నిజమైన మోడల్ టి బానెట్ కింద అంత చోటు ఎక్కడిది? ఇంజను తీసేయకుండా అది జరగదు. అయినా, గంటల కొద్దీ ఇంజను మీద వంగి పనిచేసిన ఎవరికైనా ఆ దృశ్యం అబద్ధం అనిపించదు. పక్కన ఒక చిన్న పిల్లవాడు చేరి ప్రతిదీ ముట్టుకుని విసిగిస్తుంటాడు. వాడు ఎర్నీ మారిసన్, సన్‌షైన్ సామీ అని పేరు. లాయిడ్‌కు దీటుగా చేశాడు. షెడ్డులో పని జరుగుతుంటే చుట్టూ చేరే పిల్లలు అచ్చం అలాగే ఉంటారు.

ఇంకొక విషయం. 1919 ఆగస్టులో ఫొటో తీయించుకుంటుండగా, ఉత్తుత్తి బాంబు అనుకున్నది నిజంగా పేలి లాయిడ్ కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు పోయాయి. ఆ తరువాతి చిత్రాలన్నిట్లో చర్మం రంగు తొడుగు వేసుకుని నటించాడు. ఈ చిత్రం ఆ ప్రమాదం తరువాతిదే. ఆ చేతితో అతను స్పానర్ పట్టడం, బండి తోయడం, ఎక్కి దిగడం చూస్తే నాకు గౌరవం ఆగదు.

బండి తనంతట తాను కదిలి యజమాని మీదికి రావడం, అతను పరుగెత్తి వెంటపడటం ఆ రోజుల హాస్య చిత్రాల్లో మాటిమాటికీ కనిపిస్తుంది. అది కల్పించినది కాదు. మోడల్ టికి ఇప్పటి గేరు లివర్ ఉండదు. కింద మూడు పెడళ్లు. ఎడమది గేరు, మధ్యది రివర్సు, కుడిది బ్రేకు. ఎక్సలేటర్ కాలికి ఉండదు, స్టీరింగు కింద కుడివైపు చిన్న చేతి లివరు. ఎడమవైపు లివరు స్పార్కుది, అంటే ఇంజనులో నిప్పురవ్వ పడే సమయాన్ని ముందుకూ వెనక్కీ జరిపేది. చలిలో ఇంజను ఆయిలు చిక్కబడి క్లచ్ పలకలు ఒకదానికొకటి అంటుకుంటాయి. ముందు నిలబడి హ్యాండిల్ తిప్పి ఇంజను అందుకోగానే బండి మెల్లగా మనిషి మీదికి నడిచేస్తుంది. గోడకూ బండికీ మధ్య ఇరుక్కున్నవాళ్లున్నారు. అందుకే చేతి బ్రేకు పూర్తిగా లాగమనేవారు, వెనక చక్రం ఒకటి జాకీ మీద లేపేవాళ్లూ ఉండేవారు. పెట్రోలు ట్యాంకు సీటు కింద, పంపు లేదు, వాలుకు కారాల్సిందే. ట్యాంకులో పెట్రోలు తక్కువగా ఉండగా నిటారు గట్టు ఎక్కాలంటే వెనక్కి తిప్పి రివర్సులో ఎక్కేవారు. ఇవన్నీ తెలిసిన జనం థియేటర్లో కూర్చుంటే, తెర మీద బండి కదలగానే ముందే నవ్వు మొదలయ్యేది కదా.

హ్యాండిల్ తిప్పడం గురించి మీ పిల్లలకు చేసి చూపించండి, అర్థమవుతుంది. మా నాన్నగారు అంబాసిడర్లకు హ్యాండిల్ వేసి స్టార్ట్ చేసేవారు. బంపరులో రంధ్రం ఉండేది. నాకు మొదట నేర్పింది తిప్పడం కాదు, పట్టుకోవడం. బొటనవేలు హ్యాండిల్ చుట్టూ వేయకూడదు. మిగతా నాలుగు వేళ్ల పక్కనే ఉంచాలి. కిందికి నొక్కకూడదు, కింది నుంచి పైకి లాగాలి. ఇంజను ఎదురు తన్నితే వేళ్లు విచ్చుకుని హ్యాండిల్ జారిపోతుంది. బొటనవేలు చుట్టి ఉంటే విరుగుతుంది, ఒక్కోసారి మణికట్టు కూడా. మోడల్ టికి ఎడమ చేత్తో తిప్పమనేవారు, అంతకు ముందు స్పార్కు లివరు పైకి పెట్టాలి. అది మరిచిపోయినవాడి చెయ్యి విరిగేది. 1912లో కాడిలాక్ కారుకు కరెంటు సెల్ఫ్ వచ్చింది. ఫోర్డు కొనేవాళ్లకు అది 1919 దాకా అందలేదు.

ఒక జాగ్రత్త చెప్పాలి. లాయిడ్ చిత్రంలో మత్తుమందు సూది వేసుకుని హుషారైన మనిషిని చూసి, హీరో ఆ సూదినే తీసుకుని ఇంజనుకు గుచ్చుతాడు, కారు లేచి పరుగెడుతుంది. ఎనిమిదో తరగతికి ఆ భాగం వేయాలో వద్దో మీరు ముందే చూసి నిర్ణయించుకోండి. నేనైతే ఆ ముక్క దాటించి మిగతాది వేస్తాను.

లండన్ నుంచి

టీచర్ గారూ, పైన చెప్పిన లండన్–బ్రైటన్ యాత్ర ఇప్పటికీ ఏటా నవంబరు మొదటి ఆదివారం జరుగుతుంది. 1905కు ముందు తయారైన బండ్లకే ప్రవేశం. ఈమధ్య మా పిల్లలతో వెళ్లి దారి పక్కన నిలబడి చూశాను. హెప్‌వర్త్ చిత్రం అర్థమైంది నాకు అక్కడే.

ఆ బండ్లలో కూర్చునేవాళ్లు ఎత్తుగా, పూర్తిగా బయటికే ఉంటారు. ముందు అద్దం లేదు, తలుపుల్లేవు. కళ్లద్దాలు, తోలు కోట్లు, మెడకు గుడ్డలు. కొన్ని బండ్లకు స్టీరింగు చక్రం కూడా లేదు, పడవ చుక్కానికి ఉన్నట్టు ఒక కర్ర. గట్టు ఎక్కేటప్పుడు బండిలోంచి ఇద్దరు దూకి పక్కన పరుగెత్తుతూ తోశారు. అంత నెమ్మదిగా వచ్చే బండే, నేను రోడ్డు అంచున వంగి ఫొటో తీస్తుంటే మీదికి వస్తున్నట్టు అనిపించి వెనక్కి గెంతాను. ఎక్కడికి తిరుగుతుందో, ఆగుతుందో లేదో నడిపేవాడి ముఖం చూస్తే తెలియదు. అతని చూపు రోడ్డు మీద లేదు, చేతుల్లోని లివర్ల మీద ఉంది. హెప్‌వర్త్ చిత్రంలో కారులోని వాళ్లు చేతులు ఊపుతారని మీరు రాశారు చూడండి. వాళ్లు నిజంగా ఆపలేరేమో అని అప్పుడు అనిపించింది.

రాజమండ్రి టీచర్

అందరికీ ఎలా కృతజ్ఞత చెప్పాలో తెలియడం లేదు. మెకానిక్ గారూ, హ్యాండిల్ పట్టుకునే పద్ధతి పిల్లలకు తప్పక చూపిస్తాను. మా ఊళ్లో పాత జీపు ఉన్న ఒక పెద్దాయనను అడిగాను, తీసుకొస్తానన్నారు. ఇంజను స్టార్ట్ చేయకుండా, పట్టు మాత్రమే చూపిద్దామన్నారు.

ఒక సందేహం మిగిలింది. పిల్లలు “అందరూ అంత హడావిడిగా ఎందుకు నడుస్తున్నారు?” అని అడిగారు. అప్పట్లో చిత్రాలు అంత వేగంగానే ఆడేవా, లేక ఇప్పుడు మనకు అలా కనిపిస్తున్నాయా? అలాగే, చూపించాల్సినవి ఏ వరసలో వేయాలో మూకీ అభిమాని గారు చెప్పగలరా?

మూకీ అభిమాని, హైదరాబాద్

రెండూ నిజమే టీచర్ గారూ. అప్పటి కెమెరాను చేత్తో తిప్పేవారు. సెకనుకు సుమారు 16 నుంచి 18 ఫ్రేములు పడేవి. టాకీలు వచ్చాక 24 ఫ్రేములు ఖాయమయ్యాయి. పాత చిత్రాన్ని అదే 24 మీద నడిపితే నడిచే మనిషి కూడా పరుగెడుతున్నట్టు కనిపిస్తాడు. ఇంటర్నెట్‌లో దొరికే చాలా ప్రతులు ఇలాగే పాడయ్యాయి. ఇది చూసి మూకీలంటే గంతులు వేసే బొమ్మలాట అనుకునేవాళ్లను చూస్తే నాకు బాధ కలుగుతుంది. మీ ప్లేయర్‌లో వేగాన్ని 0.75 చేయండి, 24 కాస్తా 18 అవుతుంది. అయితే మంచి ప్రతుల్లో ముందే సరిచేసి ఉంటారు, వాటిని మళ్లీ నెమ్మది చేస్తే నిద్ర వస్తుంది. తేల్చుకోవడానికి ఒక ఉపాయం ఉంది. హాస్యనటుణ్ణి చూడకండి. వెనక కాలిబాట మీద తమ పనిమీద పోతున్న మామూలు మనుషులను చూడండి. వాళ్ల నడక సహజంగా ఉంటే వేగం సరిగ్గా ఉన్నట్టే.

హాస్యనటుణ్ణి ఎందుకు చూడొద్దంటే, అతన్ని కావాలనే వేగంగా చూపించేవారు. కారు వెంటబడే సన్నివేశాల్లో కెమెరాను నెమ్మదిగా తిప్పేవారు. ఫ్రేములు తక్కువ పడతాయి, మామూలు వేగంలో వేసినప్పుడు బండి దూసుకుపోతుంది. రైలు ముక్కు దగ్గర కారు ఆగిపోయే దృశ్యాన్ని కొన్నిసార్లు తిరగేసి తీసేవారు. ముందు దగ్గరగా నిలబెట్టి, వెనక్కి నడిపించి, ఫిల్మును చివరి నుంచి మొదటికి వేసేవారు. ఇది చెబితే పిల్లలు మొత్తం కారు సన్నివేశాలు మళ్లీ చూస్తామంటారు, చూడనివ్వండి.

వరస అడిగారు కనుక నా అభిప్రాయం. హెప్‌వర్త్ రెండూ వేసేశారు. తరువాత ‘ది ? మోటారిస్ట్’. అది అయ్యాక నేరుగా 1914కి, ‘కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్’కి వెళ్లండి. కాలిఫోర్నియాలోని వెనిస్‌లో పిల్లల బండ్ల పందెం నిజంగా జరుగుతుంటే, కీస్టోన్ సంస్థ కెమెరా పట్టుకెళ్లి అక్కడే తీసింది. చార్లీ చాప్లిన్ టోపీ, కర్ర, పెద్ద బూట్లతో ప్రేక్షకులకు మొదటిసారి కనిపించింది 1914 ఫిబ్రవరి 7న విడుదలైన ఈ చిత్రంలోనే. కథంతా ఒక్కటే, పందేన్ని తీస్తున్న కెమెరాకు అతను పదేపదే అడ్డొస్తాడు. తోసేస్తే మళ్లీ వస్తాడు. వెనక ఉన్నది నటులు కాదు, మామూలు జనం. ఇతను ఎవరో వాళ్లకు తెలియదు. మొదట కొంతమంది చిరాకు పడతారు, తరువాత నవ్వడం మొదలుపెడతారు. చాప్లిన్‌ను చూసి లోకం నవ్విన మొదటి నవ్వులు ఆ ముఖాల్లో పట్టుబడ్డాయి. పిల్లలకు పందెం బండ్లు నచ్చుతాయి, మీరు మాత్రం ఆ ముఖాలు చూపించండి.

ఆ తరువాత మెకానిక్ గారు చెప్పిన లాయిడ్ చిత్రం. చివరికి లారెల్, హార్డీల ‘టు టార్స్’, 1928 నాటిది. ఇద్దరు నావికులు సెలవు రోజున కారు అద్దెకు తీసుకుంటారు. ఊరి బయట రోడ్డు మీద ఒక బండి ఆగిపోయి, దాని వెనక బండ్ల వరస నిలిచిపోతుంది. ఒకడు ఇంకొకడి బండిని కాస్త తగిలిస్తాడు. అతను దిగి నింపాదిగా వీళ్ల బండికి ఏదో చేస్తాడు. వీళ్లు చూస్తూ నిలబడతారు, అడ్డుపడరు. అతని వంతు అయ్యాక వీళ్ల వంతు. ఒకరి హెడ్‌లైటు, ఒకరి టైరు, ఒకరి తలుపు. ఎవరికీ తొందర లేదు. కాసేపటికి ఆ వరసలో చెక్కుచెదరని బండి ఒక్కటీ ఉండదు. ఇరవై ఎనిమిదేళ్ల క్రితం హెప్‌వర్త్ రోడ్డు మీద ఒకే ఒక్క కారు ఉంది, దాన్ని చూసి నడిచేవాడు బెదిరాడు. ఈ రోడ్డు మీద నడిచేవాడే లేడు. అందరూ కార్లలో ఉన్నారు, ఎవరూ కదలలేరు. మీ బడి పక్క రహదారి మీద సాయంత్రం బండ్లు ఆగిపోయినప్పుడు హారన్లు కొట్టుకునే మనుషులను మీ పిల్లలు చూసే ఉంటారు. వాళ్లకు ఈ చిత్రం వేరే వివరణ లేకుండానే అందుతుంది.

దీని నిడివి సుమారు 20 నిమిషాలు. పీరియడ్‌లో సమయం చాలకపోతే మొదటి సగం, అంటే అద్దె కారు, ఇద్దరు అమ్మాయిలు, చూయింగ్ గమ్ యంత్రం భాగం వదిలేసి, బండ్లు ఆగిపోయిన చోటు నుంచి మొదలుపెట్టండి.